నాలుగో సైనికుడి ముక్కు

నేను, మానియస్ కొస్సీనియస్, మానియస్ కొడుకును, రోము నగరంలో టైబర్ రేవు పక్కన పాలరాయి చెక్కి బతికేవాణ్ణి, వయసు ఇరవై ఆరు, బుద్ధి స్థిమితంగా ఉండి, ఎవరి ఒత్తిడీ లేకుండా, నా చేత్తో నేనే మైనం పలకల మీద రాసుకుంటున్న వీలునామా ఇది. కుడికాలు తొడదాకా నల్లబడింది. వైద్యుడు వచ్చి, ముక్కు మూసుకుని, నాకు ధైర్యం చెప్పి, తలుపు దగ్గర నా స్నేహితుడు ఎపాఫ్రా చెవిలో నిజం చెప్పి వెళ్ళాడు. కాలు కుళ్ళినా చెవులు బాగానే ఉన్నాయి కాబట్టి ఆ నిజం నాకూ అందింది. బుద్ధి స్థిమితానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదనుకుంటాను.

నేను బడికి వెళ్ళలేదు. సమాధి రాళ్ళ మీద అక్షరాలు చెక్కుతూ చదవడం నేర్చుకున్నాను. అందుకని నాకు తప్పుల్లేకుండా వచ్చిన మాటలు "ఉత్తముడు", "అనురాగవతి", "ఎవరినీ ఎన్నడూ నొప్పించనివాడు" లాంటివి. ఈ వీలునామాలో వాటితో పెద్దగా పని పడదు.

ఒకటి. వారసత్వం.

ఉన్ని బట్టలు ఉతికే కొట్టులో పనిచేసే పెత్రోనియా థల్లూసా నా యావదాస్తికీ ఏకైక వారసురాలు. మిగిలిన ప్రపంచానికి నా ఆస్తిలో హక్కు లేదు. ఆమె నాకు ఏమవుతుందని న్యాయస్థానంలో అడిగితే, ఏమీ కాదు. కొలువులో ఉన్న సైనికుడు పెళ్ళాడకూడదని చట్టం. మా అన్న సెర్వియస్ చక్రవర్తి అంగరక్షక దళంలో పదకొండేళ్ళు పనిచేశాడు. థల్లూసాతో తొమ్మిదేళ్ళు కాపురం చేశాడు. వాళ్ళ పాప ప్రీమాకి ఎనిమిదేళ్ళు. చట్టం దృష్టిలో మా అన్న బ్రహ్మచారి. కిందటి చలికాలం ఆయన పోయినప్పుడు థల్లూసా విధవ కూడా కాలేదు, ఎందుకంటే మొగుడంటూ ఉంటే కదా పోవడానికి. పిల్లకి తండ్రి పోలేదు, ఎందుకంటే లేడు. ఒక్క మనిషి చస్తే ఎవరికీ ఏమీ కాకుండా చూసుకున్న ఈ చట్టం రాసినవాడికి రాతి విగ్రహం పెట్టించాలి. చెక్కమంటే నేనే చెక్కేవాణ్ణి.

నేను మాత్రం ఆమెని మొదటిరోజు నుంచీ వదిన అనే పిలిచాను. ఈ పలకల మీద కూడా అలాగే రాస్తాను. తప్పయితే గుమాస్తాలు దిద్దుకోవచ్చు.

రెండు. ఆస్తి వివరం, అది నాది ఎలా అయిందనే సంగతి.

పాలరాతి బండ ఒకటి. పొడవు ఏడడుగులు, ఎత్తు మూడున్నర. దాని మీద ఉబ్బెత్తుగా చెక్కిన మన సైనికులు పదకొండుమంది, చస్తున్న శత్రువులు ఆరుగురు, గుర్రాలు రెండు, నడుమ గుర్రం మీద మొహం లేని సేనాధిపతి ఒకరు. గుర్రం పొట్ట నుంచి సేనాధిపతి మెడ మీదుగా పైఅంచు దాకా ఒక పగులు. ప్రస్తుతం ఉతుకుడు కొట్టు వెనక పాకలో ఉంది. హద్దులు: తూర్పున కొట్టు వారు బట్టల మురికి వదలడానికి మూత్రం నిలవచేసే తొట్లు, పడమట కట్టెల మోపులు, ఉత్తరాన గోడ, దక్షిణాన నా మంచం.

ఈ బండ మొదట, మా అన్న దండు ఎవరి కింద నడిచిందో ఆ సేనాధిపతి గారి సమాధి కోసం మా దుకాణానికి వచ్చింది. ఆయన నిక్షేపంగా బతికే ఉన్నారు. చచ్చేదాకా ఆగితే ఎవరు ఎలా చెక్కుతారో అని పెద్దవాళ్ళు ముందే చెక్కించుకుంటారు. మా పనిలో పద్ధతి ఏమిటంటే, యుద్ధం మొత్తం చెక్కేసి, కొనేవాడి తల ఒక్కటే ముడిరాయిగా వదిలేస్తాం. ఆయన తీరిక చేసుకుని వచ్చి కూర్చున్నప్పుడు మొహం పెడతాం. వాళ్ళకి తీరిక తొందరగా దొరకదు.

ఇంకో పద్ధతి కూడా ఉంది. రాతి మీద మనవాడు చావకూడదు. కిందపడేవాళ్ళు, గుర్రాల కాళ్ళ కింద నలిగేవాళ్ళు, చేతులు జోడించేవాళ్ళు అందరూ గడ్డాల శత్రువులే అయివుండాలి. ఆరేళ్ళలో నేను శత్రువుల్ని వందకి పైగా చంపాను. మనవాళ్ళలో ఒక్కడికి గీత పడనివ్వలేదు. సరిహద్దులో డాన్యూబ్ నది ఒడ్డున మన సైన్యానికి నాలాంటి చెక్కుడువాడు ఒకడుంటే ఎంత బాగుండేదో.

మా అన్న అక్కడ కత్తివేటుకి పోలేదు. దండు గుడారంలో రక్త విరేచనాలై పోయాడు. తోటివాడు ఒకడు నడుము పటకా తెచ్చి వదిన చేతిలో పెట్టి, "వదినమ్మా, ఆఖరికి కూడా నవ్విస్తూనే పోయాడు" అని ఏడ్చాడు. బూడిద అక్కడే ఉండిపోయింది. ఆ కబురు నాకు అందేసరికి నేను ఈ బండ మీద మూడో సైనికుడి మోకాలి దగ్గర ఉన్నాను. నాలుగోవాడికి ఇంకా మొహం పెట్టలేదు. పెట్టాను.

ముక్కు ఎడమకి వంకర, కుడి కనుబొమ్మ కొంచెం పైకి. వదిన ఒకసారి భోజనం తెచ్చి, బండ ముందు నిలబడి, గిన్నె కింద పెట్టి, నాలుగోవాడి ముక్కు మీద దుమ్ము తుడిచి వెళ్ళిపోయింది. బాగా కుదిరిందని నాకు అప్పుడే తెలిసింది.

తర్వాత సేనాధిపతి గారి ఇంటి వ్యవహారాలు చూసే పెద్దమనిషి వచ్చాడు. వేలు పెట్టి చూపించి, "ఇదేం ముక్కయ్యా? మా దొరగారి సైన్యంలో ఇలాంటి ముక్కులుండవు" అన్నాడు. మా యజమాని వీబియస్ అంప్లియాతస్ గారు వెంటనే నా వైపు తిరిగి, "విన్నావుగా, తిన్నగా చెయ్యి. ముక్కేగా, నీదేం పోయింది?" అన్నారు. నేను చెయ్యనన్నాను. చేతకాక చెయ్యడం లేదని ఆయన అనుకున్నారు. పనంటే ఏమిటో నాకు చూపించడానికి ఇరవై ఏళ్ళ తర్వాత మొదటిసారి బర్మా చేతబట్టి, గుర్రం పొట్ట కింద రంధ్రం వేయబోయారు. లోపల బూడిదరంగు చార ఉందని చెప్పాను. "నాకు చెప్తావురా రాయి గురించి?" అన్నారు. ఆయన అనడం అయ్యేసరికి రాయి తన సంగతి తనే చెప్పింది. పగులు గుర్రం పొట్టలోంచి లేచి సేనాధిపతి గారి మెడ కోసుకుంటూ పైకి పోయింది.

మెడ తెగిన రాయి అపశకునమని పెద్దమనిషి లేచి వెళ్ళిపోయాడు. అప్పుడు అంప్లియాతస్ గారు వాకిట్లో, పనివాళ్ళందరి ఎదుట, నాతో అన్న మాటలు ఉన్నవి ఉన్నట్టు రాస్తున్నాను. "తీసుకుపోరా! నీ అన్నని నువ్వే నెత్తిన పెట్టుకుని ఊరేగు! ఇవాళ్టి నుంచి ఈ బండ నీది. మళ్ళీ నా వాకిట్లో కనబడిందా, ముక్కలు చేసి సున్నం బట్టీలో వేయిస్తా!"

దానపత్రం ఇంతకన్నా స్పష్టంగా ఎవరు రాయగలరు? నేను, ఎపాఫ్రా, ఇంకో నలుగురం దుంగల మీద దొర్లించుకుంటూ తెచ్చి ఈ పాకలో పెట్టుకున్నాం. ఆ ఎండాకాలమంతా ప్రీమా రోజూ పొద్దున్నే వచ్చి నాలుగోవాడి ముక్కు పట్టుకుని, "నాన్నా, లేచావా?" అని అడిగి పనిలో పడేది. వాళ్ళమ్మ తిట్టేది, "రాయి అరిగిపోతుందే తల్లీ" అని. అరిగిపోనీ అని నేను అనుకునేవాణ్ణి.

ఇరవై రోజుల కిందట అంప్లియాతస్ గారికి ఇంకో బేరం తగిలింది. సైన్యానికి గోధుమలు సరఫరా చేసి బలిసిన ఒకాయన. యుద్ధానికి అతి దగ్గరగా ఆయన చూసింది సంచుల మూతులు. సమాధి మీద గుర్రమెక్కి సైన్యాన్ని నడిపించాలని ఆయనకి కోరిక. తయారుగా ఉన్న యుద్ధం, ఖాళీగా ఉన్న తల, ఇంకేం కావాలి? పగులు సంగతి మైనంతో, పాలరాతి పిండితో చూసుకోవచ్చు. ముక్కు సంగతి ఉలితో చూసుకోవచ్చు. యజమాని గారు చక్రాల్లేని ఈడ్పు బండీ తాళ్ళూ వేసుకుని ఇక్కడికి వచ్చారు. ఇచ్చేశారు కదా అంటే, "కోపంలో మనిషి వంద అంటాడు, అవన్నీ పట్టుకుంటార్రా?" అన్నారు. నేను బండకి అడ్డంగా నిలబడ్డాను. ఆయన లాగమన్నారు. తాడు మార్చమని మేము ఏడాదిగా అడుగుతున్నాం. ఆ తాడే తెగింది.

బండ నా కాలి మీద పడింది. అందువల్ల దానికి కొత్త పగులు ఒక్కటి కూడా రాలేదు. యజమాని గారు పరుగున వచ్చి మొదట బండనే తడిమి చూసుకున్నారు. ఆయన ఊపిరి పీల్చుకోవడం నాకు వినిపించింది. నా కాలు మెత్తనిది కావడం అందరికీ మంచిదైంది.

మూడు. బండని ఏం చేయాలి.

సలారియా బాట పక్కన మా నాన్న బూడిదకుండ పెట్టిన గోడ ఉంది. నాన్న బానిసగా ఉన్నప్పుడు, స్వేచ్ఛ వచ్చాక కూడా, ఇసుకా నీళ్ళూ పోసి రాయి కోశాడు. ఆ గోడకి ఈ బండని నిలబెట్టాలి. నా కుండ దాని కింద పెట్టండి. కింద పడి ఉండటం నాకు ఇప్పుడు అలవాటే. షరతులు మూడు.

ముక్కు ముట్టుకోకూడదు. ప్రీమాకి మినహాయింపు.

సేనాధిపతి తల ముడిరాయిగానే ఉండాలి. ఎవరి మొహమూ పెట్టకూడదు. పెట్టిన మరుక్షణం మా అన్న మళ్ళీ ఒకరి వెనకాల నడిచేవాడైపోతాడు. ప్రీమా ఒకరోజు, "బాబాయ్, మధ్యలో గుర్రమాయనకి మొహం లేదేం?" అని అడిగింది. ఆయన ఇంకా రాలేదమ్మా అన్నాను. "యుద్ధానికి కూడా రాలేదా?" అంది. ఆ రోజు నుంచి నాకు ఆ ముడిరాయి చాలా బాగా కుదిరిన పోలికలా కనిపిస్తోంది.

కింద అంచున ఎపాఫ్రా ఈ అక్షరాలు చెక్కాలి: "సెర్వియస్ కొస్సీనియస్, అంగరక్షక దళ సైనికుడు. ఇక్కడ లేడు. భార్య థల్లూసా, కూతురు ప్రీమా, తమ్ముడు మానియస్ పెట్టించిన రాయి." భార్య, కూతురు అనే మాటలు మిగతావాటికన్నా లోతుగా చెక్కాలి. చట్టానికి అభ్యంతరమైతే ఉలి తెచ్చుకుని చెరుపుకోవచ్చు. మా వదిన ఆ పక్కనే నిలబడి ఉంటుంది, ఆమె నోటి సంగతి ఈ వీధికి తెలుసు.

నాలుగు. ముక్కు గురించి నా వాంగ్మూలం.

నాకు ఆరేళ్ళు, అన్నకి పదకొండు. పండగనాడు వచ్చిన తేనె రొట్టెలో నా వాటా కూడా అన్నే తినేశాడు. నాన్న చెక్క సుత్తి తీసి విసిరాను. గురి చూడలేదు, అయినా తప్పలేదు. నాన్న వచ్చేలోపల అన్న నెత్తురు తుడుచుకుని, "రేవు మెట్ల మీంచి పడ్డాను" అని చెప్పాడు. సైన్యంలో చేరాక, సారాకొట్టులో ముగ్గురు నావికులతో కొట్లాడానని చెప్పుకునేవాడు. ఏడాదికి ఒక నావికుడు పెరిగేవాడు. డాన్యూబ్ వెళ్ళేముందు పన్నెండుమందయ్యారు. నేను పక్కనే ఉంటే, నా వైపు చూసి, "వాళ్ళలో పొట్టివాడు ఒకడుండేవాడు, వాడు మహా దుర్మార్గుడు" అనేవాడు.

ఆ ముక్కుని సరిచేయమని నాకు చెప్పారు.

ఇంకొకటి కూడా రాయాలి. చావుబతుకుల్లో ఉన్నవాడు అబద్ధం రాయకూడదంటారు, నేను చాలామంది సమాధుల మీద రాశాను గానీ. నాలుగోవాడి ముక్కు ఎడమ పక్కన మూడు చిన్న గాట్లు ఉన్నాయి. అవి అంప్లియాతస్ గారు పెట్టారని వదినతో చెప్పాను. కాదు. నేను చెయ్యనన్నది రెండో రోజు. మొదటి రోజు, ఆయన చెప్పగానే, ఉలి తీసుకుని మూడు దెబ్బలు వేశాను. పని పోతుందని భయపడ్డాను. నాలుగో దెబ్బకి చెయ్యి లేవలేదు, అంతే. అదేమీ వీరత్వం కాదు. మా అన్న ముక్కు మీద రెండుసార్లు చెయ్యి చేసుకున్నదీ నేనే. వదినా, దీనికి నువ్వు నన్ను ఏమన్నా అను. వినడానికి నేనుండను కాబట్టి మొహమాటపడకు.

ఐదు. ఎపాఫ్రాకి.

గాయస్ అవిల్లియస్ ఎపాఫ్రా, సానరాయితో బొమ్మలు నున్నగా రుద్దేవాడు, నా స్నేహితుడు. వాడికి నా చలికోటు, నా మంచం ఇస్తున్నాను. మంచం బాగా కడుక్కోవాలి. వాడు మొన్నటి నుంచి నా దగ్గర కూర్చుని, "తాడు నా చేతిలోంచే జారింది మానియస్, నేనే గట్టిగా పట్టుకోలేదు" అని ఒకటే గోల. ఒరేయ్, తాడు తెగింది. జారలేదు. తెగిన కొసలు రెండూ మంచం కింద పెట్టాను, నీ కళ్ళతో చూసుకో. వాటిని కూడా నీకే రాస్తున్నాను. ఇకమీదట ఎప్పుడైనా నీ తప్పనిపిస్తే తీసి చూసుకో, లేకపోతే నోరు మూసుకుని బండ నిలబెట్టే పని చూడు. ఆ పనికి నువ్వే బాధ్యుడివి. కొత్త తాడు వాడు.

ఆరు. చిన్నాచితకా.

ప్రీమాకి: మిగిలిన రాయి ముక్కతో చెక్కిన కుక్కపిల్ల. చెవి ఒకటి విరిగింది, అది దెబ్బలాటలో విరిగిందని చెప్పుకోవచ్చు. నా మైనం పలకలు, రాసే పుల్ల కూడా ఆ పిల్లవే. దానికి అక్షరాలు నేర్పించాలి. సమాధుల మీద కాదు.

సేనాధిపతి గారి ఇంటి పెద్దమనిషికి: తిన్నని ముక్కు ఒకటి, మట్టితో చేసింది. సాధన కోసం చేశాను. ఆయనకి ఎక్కడ నచ్చితే అక్కడ పెట్టుకోవచ్చు.

సేనాధిపతి గారికి: ఏమీ లేదు. మా ఇంట్లోంచి ఆయన తీసుకోవలసింది తీసేసుకున్నారు.

చందాలతో చావు ఖర్చులు చూసే పాలరాతి పనివాళ్ళ దహన సంఘానికి: నా చితికి పిల్లనగ్రోవివాళ్ళు వద్దు. ఆ డబ్బుతో వేడి శనగలు, పుల్లటి ద్రాక్షసారా ఇంకో విడత తిప్పండి. నన్ను ఉత్తముడని ఎవరైనా అంటే వాడికి శనగలు పెట్టకండి.

ఏడు. వీబియస్ అంప్లియాతస్ గారికి.

నా యజమాని గారికి, నేను సొంతంగా సానబెట్టుకున్న, మొహాలు చెక్కే ఉలులు పదకొండు, ముప్పైరెండు మట్టి తలలు ఇస్తున్నాను. అవి చేపల సంతలో, స్నానశాలల్లో, రేవులో మనుషుల్ని చూసి చేసుకున్న నమూనాలు. ఆయనకి వచ్చే వసంతానికి నలభైమంది సైనికులున్న బండ ఒకటి ఇవ్వాల్సి ఉంది. ఆయన సొంతంగా చెక్కితే ప్రతి మొహమూ ఆయన బావమరిదిలాగే వస్తుంది. నలభైమంది బావమరుదులు యుద్ధానికి బయలుదేరడం ఏ సమాధి మీదా చూడముచ్చటగా ఉండదు.

ఇది షరతుతో కూడిన దానం. ఈ పలకలు చదవడం అయిన వెంటనే, అక్కడే, సాక్షులందరూ వినేలా, "ఆ బండ మానియస్‌ది, నేనే ఇచ్చాను" అని ఆయన నోటితో చెప్పాలి. చెబితే ఉలులూ తలలూ ఆయనవి. ఈ దానం పుచ్చుకున్నవాడు ఈ వీలునామాని మళ్ళీ కాదనడానికి వీల్లేదు. చెప్పకపోతే అవన్నీ నది అవతలి ఒడ్డున దుకాణం పెట్టిన కార్పస్‌కి చెందుతాయి. కార్పస్ వాటి కోసం ఇప్పటికే రెండుసార్లు మనిషిని పంపాడు.

అంప్లియాతస్ గారూ, ఇక మీతోనే సూటిగా మాట్లాడతాను. మీరు రోజూ పులుసు గిన్నె పట్టుకుని వస్తున్నారు. నా కాలి వైపు చూడకుండా, మట్టి తలలున్న అల్మారా వైపు చూస్తూ, "ఎలా ఉందిరా అబ్బాయ్?" అంటున్నారు. వీలునామాలో మీ పేరుందని చెప్పగానే మీ కళ్ళు చెమర్చాయి. సాక్షిగా ముద్ర వేస్తారా అని అడిగితే, "అదెంత పని" అన్నారు. పద్ధతి మీకూ తెలుసు, మరిచిపోయినట్టున్నారు. నేను పోయాక సాక్షులందరినీ పిలుస్తారు. ఎవరి ముద్ర వాళ్ళు గుర్తుపట్టి, నాదే అని చెబుతారు. అప్పుడు దారం తెంపి, మొదటి అక్షరం నుంచి చివరిదాకా పైకి చదువుతారు. కాబట్టి ఈ మాట వినబడుతున్న క్షణంలో మీరు ఆ గదిలో నిలబడి ఉన్నారు. మీకు రెండు పక్కలా ఆరుగురున్నారు. మీరు ఆ బండ నాకిచ్చిన రోజు వాకిట్లో ఉన్నవాళ్ళే ఆ ఆరుగురూ. మీ మీద సాక్ష్యం చెప్పమని నేను వాళ్ళని అడగలేదు. పెళ్ళాం పిల్లలున్నవాళ్ళు, పొద్దున్నే మళ్ళీ మీ వాకిట్లోకే రావాలి. ఊరికే వచ్చి నిలబడమన్నాను. మీరు మాట్లాడేటప్పుడు మీ మొహం చూడమన్నాను. మొహాలు చూడటం మా వృత్తి.

ఈ వీలునామాలో మోసం లేదు. కోపం ఉంది, అది చట్టవిరుద్ధం కాదని విచారించి తెలుసుకున్నాను.

తేదీ: అక్టోబరు నడిమి రోజైన ఐడ్స్‌కి ముందు నాలుగో రోజు. ఈ ఏటికి తమ పేరిచ్చిన కాన్సుల్‌ల పేర్లు నాకు గుర్తులేవు. గుమాస్తా చేర్చుకోవచ్చు. వాళ్ళ పేర్లు ఎలాగూ రాతి మీద ఉంటాయి.

సంతకం: మానియస్ కొస్సీనియస్. ఉంగరం లేదు, బొటనవేలితో మైనం నొక్కాను. వేలిలో పాలరాతి దుమ్ము ఇంకా వదల్లేదు, గీతల్లో తెల్లగా కనిపిస్తుంది.

రేపు పొద్దున పలకలు మూసి దారం కట్టాక బయట ముద్రలు వేయబోయే సాక్షులు:

గాయస్ అవిల్లియస్ ఎపాఫ్రా, సానరాయి పనివాడు.
లూకియస్ హేరియస్ దామా, రంపం పనివాడు.
మార్కస్ ఒప్పియస్ నీగెర్, బండ్లవాడు.
స్పూరియస్ వెత్తియస్, అక్షరాలకి ఎర్రరంగు వేసేవాడు.
దెకిమస్ ఆలియస్, ఉలులు కాల్చే కమ్మరి.
క్వింతస్ రుతీలియస్, తాళ్ళు పట్టేవాడు.
వీబియస్ అంప్లియాతస్, యజమాని. ముద్ర ఆయనదేనా అని ముందు అడగండి. అవునంటారు. ఆ వెంటనే బండ ఎవరిదని అడగండి.